మన ఊరిని మన తెలుగులో నడిచి చూద్దాం

ఒక ఊరి పాత వీధుల్లో, తెలిసినవారొకరు ముందు నడుస్తూ ఆగిన చోటల్లా ఆ చోటి కథ చెబుతుంటే, వెనుక పదిమందీ వింటూ నడిచే ఆచారం ఇప్పుడు మన దేశంలోనూ వ్యాపించింది. దీనికి 'వారసత్వ నడక' అన్న పేరు స్థిరపడింది. అహమ్మదాబాదు నగరపాలక సంస్థ 1997 నవంబరు 19న ఇటువంటి నడకను ప్రారంభించింది. కాలూపూర్‌లోని స్వామినారాయణ మందిరం వద్ద మొదలై జామా మసీదు వద్ద ముగిసే ఆ దారిలో ఆలయాలు, మసీదులు, పాత ఇళ్ళ చెక్కడాలతోపాటు గుజరాతీ కవి దలపత్‌రామ్ పేరిట ఉన్న కూడలి కూడా ఒక మజిలీ. అక్కడ కవి విగ్రహం ముందు జనం ఆగుతారు. ఎక్కడినుంచో వచ్చిన యాత్రికుడు సైతం ఈ ఊరికొక భాష ఉన్నదనీ, ఆ భాషకొక కవి ఉన్నాడనీ తెలుసుకొని ముందుకు కదులుతాడు. ఆ పాత నగరాన్ని 2017లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. మనకు దగ్గరగా చెన్నైలో 2004 నుంచి ఆగస్టు 22ను మద్రాసు దినంగా జరుపుతూ, ఆ రోజుల్లో మైలాపూరు, జార్జి టౌను వంటి పేటల్లో నడకలు నిర్వహిస్తున్నారు.

ఈ నడకల్లో మనం గమనించవలసిన సంగతి ఒకటున్నది. వీధి ఒక్కటే అయినా చెప్పేవారిని బట్టి కథ మారుతుంది. మార్గదర్శకుడు ఎక్కడ ఆగుతాడో అది వినేవారి మనసులో చరిత్రగా నిలుస్తుంది. అతడు ఆగకుండా దాటిపోయిన చోటు మరుగున పడుతుంది. ఒక తరం పిల్లలు అలా దాటిపోయిన చోట్లను ఎరగకుండానే పెద్దవారైతే, తరువాతి తరానికి ఆ చోట్లు లేనట్టే లెక్క.

తిరువళ్ళూరు, తిరుత్తణి ప్రాంతాల్లో తరతరాలుగా కాపురముంటున్న తెలుగు కుటుంబాలు ఈ మాటను తమకు అన్వయించుకొని ఆలోచించాలి. మన పిల్లలకు ఈ ఊళ్ళ కథను ఎవరు చెబుతున్నారు? ఏ భాషలో చెబుతున్నారు? ఆ కథలో తెలుగువాడు ఎక్కడ ఉన్నాడు? బడి పుస్తకంలో మన ఊసు ఉంటుందని ఎదురుచూస్తూ కూర్చునే కాలం కాదిది. మన ఊరి కథను మన పిల్లలకు, మన వీధుల్లోనే నడిపిస్తూ, మన తెలుగులో మనమే చెప్పుకోవాలన్నది ఈ వ్యాసం చేసే ప్రతిపాదన.

తిరువళ్ళూరులో

చిన్న ఊళ్ళలో చూడటానికేమున్నదని కొందరంటారు. ఉన్నది, చూపేవారే కావాలి. తిరువళ్ళూరునే తీసుకుందాం. వీరరాఘవస్వామి ఆలయం 108 దివ్యదేశాల్లో ఒకటి. తిరుమళిశై ఆళ్వారు, తిరుమంగై ఆళ్వారు ఈ స్వామిని తమిళ పాశురాలతో కీర్తించారు. ఆలయ నిర్వహణ అహోబిల మఠం అధీనంలో ఉన్నది. నల్లమల అడవుల నడుమ, నేటి నంద్యాల జిల్లాలో ఉన్న అహోబిలం పేరుతో వెలసిన మఠం తమిళనాట ఈ ఆలయాన్ని నడుపుతున్నదంటే, ఈ రెండు సీమల మధ్య రాకపోకలు ఎంత పాతవో పిల్లవాడికి వేరే చెప్పనక్కరలేదు. మఠమంతా తెలుగు మఠమని దీనికి అర్థం కాదు. ఒకే భక్తి రెండు భాషల నేలల మీద నడిచిందని మాత్రమే అర్థం. ఆ మాటను అంతవరకే చెప్పాలి.

ఆలయం వద్దనున్న కోనేటి పేరు హృత్తాపనాశిని. అమావాస్యనాడు జనం తండోపతండాలుగా వచ్చి స్నానమాడి, బెల్లం నీటిలో కలిపి, తమ రోగాలు కూడా అలాగే కరిగిపోవాలని మొక్కుకుంటారు. రోగాలు మాన్పే దేవుడు గనుక ఆయనను వైద్య వీరరాఘవుడంటారు. మన ఇళ్ళలో వీరరాఘవయ్య, వీరరాఘవులు, వీరరాఘవమ్మ అన్న పేర్లు ఎందరు తాతలకు, అమ్మమ్మలకు ఉన్నాయో ఒక్కసారి లెక్కవేసి చూడండి. ఆ పేరు ఏ మొక్కు వలన వచ్చిందో చెప్పగల పెద్దలు ఇంట్లో ఉండగానే అడిగి తెలుసుకోండి. కోనేటి గట్టున నిలబడి ఆ ముచ్చట చెబితే, పిల్లవాడికి అది తన ఇంటి చరిత్ర అవుతుంది.

గుడివీధుల నుంచి రైలు స్టేషను కొన్ని కిలోమీటర్ల దూరం. 1856 జులై 1న రాయపురం నుంచి వాలాజా రోడ్డు వరకు దక్షిణ భారతంలో తొలి రైలుమార్గం ప్రారంభమైనప్పుడు, ఆ దారి తిరువళ్ళూరు మీదుగానే వెళ్ళింది. ఊత్తుకోట మీదుగా సత్యవేడు, నాగలాపురం వైపు పోయే రోడ్డు కూడా ఈ ఊరి నుంచే. ఒకపక్క చెన్నపట్నం, ఒకపక్క తెలుగు పల్లెలు. కూలికీ, చదువుకీ, వ్యాపారానికీ, పెళ్ళి సంబంధాలకీ జనం ఈ దారుల వెంటే కదిలారు. మీ కుటుంబం ఏ దారిన ఇక్కడికి వచ్చిందో, లేక ఈ నేల మీదనే ఎన్ని తరాలుగా ఉన్నదో చెప్పటానికి ఆ కూడలి కంటె మంచి చోటు మరొకటి లేదు.

తిరుత్తణిలో

తిరుత్తణికి వచ్చే యాత్రికుల్లో ఎక్కువమంది వాహనంలో కొండెక్కి, దర్శనం చేసుకొని, అదే వాహనంలో దిగిపోతారు. ఊరు చూడరు. కొండ కింద నుంచి కాలినడకన ఎక్కేవారికి మాత్రం ఊరు కొంత కనబడుతుంది. సంవత్సరంలో రోజులెన్నో మెట్లూ అన్ని, 365 అని ప్రతీతి. డిసెంబరు 31 రాత్రి భక్తులు ఆ మెట్లకు పూజలు చేస్తూ, పాటలు పాడుతూ కొండెక్కుతారు. ఆడికృత్తికకు పూల కావళ్ళు కదులుతాయి. మురుగన్ ఆరు పడైవీడుల్లో ఇది ఒకటి గనుక, తమిళుల భక్తి జీవితంలో ఈ కొండకున్న స్థానం చాలా పెద్దది. ఊళ్ళోని వీరట్టానేశ్వరాలయం 9వ శతాబ్దిలో పల్లవరాజు అపరాజితుని కాలం నాటిది. అక్కడ తమిళ శాసనాలున్నాయి. మన నడకలో ఇవన్నీ చెప్పాలి. ఇతరుల చరిత్రను దాచి మన చరిత్రను చెప్పేవాడు, రేపు తన చరిత్రను ఇతరులు దాచినప్పుడు నోరెత్తే అర్హతను పోగొట్టుకుంటాడు.

అయితే ఇదే కొండకు మరికొన్ని కథలు కూడా ఉన్నాయి. ముత్తుస్వామి దీక్షితులు తన తొలి కృతి 'శ్రీనాథాది గురుగుహో'ను ఇక్కడే రచించారని సంప్రదాయం చెబుతుంది. కృతి సంస్కృతం, కొండ తమిళుల ఆరాధ్యక్షేత్రం. ఆయన కృతులను స్వరసహితంగా భద్రపరచిన సుబ్బరామ దీక్షితుల 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని' 1904లో అచ్చయింది తమిళనాట దక్షిణాన ఎట్టయపురంలో; రచన తెలుగులో, అచ్చు తెలుగు లిపిలో. కర్ణాటక సంగీతం నేర్చుకుంటున్న మన పిల్లలకు ఈ ఒక్క సంగతి మెట్ల దగ్గర చెప్పి చూడండి.

తిరుత్తణి ఒకప్పుడు కార్వేటినగరం జమీందారీలోనిది. ఆ సంస్థానం ఆశ్రయంలోనే సారంగపాణి వేణుగోపాల ముద్రతో తెలుగు పదాలు రచించాడు. గోవిందసామయ్య తెలుగులో వర్ణాలు కూర్చాడు. ఈ పేర్లను మన ఇళ్ళలో ఎందరు ఎరుగుదురు?

ఇక సర్వేపల్లి రాధాకృష్ణన్ గారి విషయం. 1888 సెప్టెంబరు 5న తిరుత్తణిలో, తెలుగు కుటుంబంలో, వీరాస్వామి, సీతమ్మ దంపతులకు ఆయన జన్మించారు. ఇంటిపేరులోని సర్వేపల్లి నెల్లూరు జిల్లాలోని ఊరు. పూర్వులు అక్కడినుంచి వచ్చినవారు. 1962లో ఆయన రాష్ట్రపతి అయ్యేనాటికి ఆయన పుట్టిన ఊరు మద్రాసు రాష్ట్రంలో చేరి రెండేళ్ళయింది. ఉపాధ్యాయ దినోత్సవంనాడు దేశమంతటా ఆయన పటానికి పూలమాల వేస్తారు. ఆయన మాతృభాష తెలుగు అన్న వాక్యం ఆనాడు ఎన్ని బడుల్లో వినబడుతున్నది? తిరుత్తణిలోని తెలుగు పిల్లవాడు, తాను ఇంట్లో మాట్లాడే భాషనే ఆ మహనీయుడు కూడా తల్లి ఒడిలో మాట్లాడాడని తెలుసుకుంటే, బడిలో తెలుగు మాట్లాడటానికి సిగ్గుపడతాడా?

కదలని ఇల్లు, మారిన జిల్లాలు

ఈ నడకలో అన్నిటికంటె ముఖ్యమైన మజిలీకి గోపురం లేదు, శాసనం లేదు. తిరుత్తణిలోని ఏదో ఒక పాత ఇంటి అరుగు దగ్గర ఆగితే చాలు. ఆ ఇల్లు 1911 మార్చి దాకా ఉత్తర ఆర్కాటు జిల్లాలో ఉన్నది. 1911 ఏప్రిల్ 1న చిత్తూరు జిల్లా ఏర్పడగా అందులో చేరింది. పొట్టి శ్రీరాములు గారు 1952 డిసెంబరు 15న మద్రాసులో ప్రాణత్యాగం చేసిన తరువాత, 1953 అక్టోబరు 1న ఏర్పడిన ఆంధ్రరాష్ట్రంలోకి చిత్తూరు జిల్లాతోపాటు వచ్చింది. 1960 ఏప్రిల్ 1న మద్రాసు రాష్ట్రంలోని చెంగల్పట్టు జిల్లాకు మారింది. 1997 నుంచి తిరువళ్ళూరు జిల్లాలో ఉన్నది. ఇల్లు అంగుళమైనా కదలలేదు. అరుగు మీద కూర్చున్నవారి భాషా మారలేదు. మారింది కాగితాల మీది గీత.

ఆ గీత ఎలా గీశారో పిల్లలకు నిజం చెప్పాలి. ఈ ప్రాంతాన్ని మద్రాసు రాష్ట్రంలో చేర్చాలని మ.పొ. శివజ్ఞానం గారు ప్రభృతులు ఉద్యమించారు. రెండు రాష్ట్రాల వివాదాన్ని పరిష్కరించటానికి హెచ్.వి. పాటస్కర్ గారు మధ్యవర్తిగా వచ్చారు. గ్రామాన్ని ప్రమాణంగా తీసుకొని, భాషాధిక్యతనూ, భూమి కలిసి ఉండటాన్నీ చూసి ఆయన సూచించిన పరిష్కారం ఆధారంగా 1959లో పార్లమెంటు చట్టం చేసింది. తిరుత్తణి, పళ్ళిపట్టు ప్రాంతాలు మద్రాసుకు వెళ్ళాయి. సత్యవేడు ప్రాంతం ఆంధ్రకు వచ్చింది. ఇటు తెలుగువారూ, అటు తమిళులూ రాత్రికి రాత్రే అల్పసంఖ్యాకులయ్యారు. మనం ఇక్కడ తెలుగుకు కోరే ప్రతి హక్కునూ సత్యవేడు, నగరి, పుత్తూరు ప్రాంతాల తమిళ కుటుంబాలకు అక్కడ ఇవ్వాలని కూడా అనగలిగినప్పుడే మన కోరికకు బలం వస్తుంది.

1960 ఏప్రిల్ నాటికి పదేళ్ళ వయసున్న పిల్లలు ఈనాడు డెబ్బై అయిదు దాటిన వృద్ధులు. బడిలో పలకమీది అక్షరాలు మారిన రోజులు గుర్తున్నవారు, తాలూకా కచేరీలో దరఖాస్తు భాష మారినప్పుడు తండ్రి పడిన తికమక చూసినవారు ఇంకా మన మధ్య ఉండవచ్చు. మరో పదేళ్ళకు ఎందరుంటారు? ఇనుప పెట్టెలో దాచిన దస్తావేజు నిలుస్తుంది గాని, నోటిమాట నిలవదు.

అభ్యంతరాలు

ఇటువంటి నడక మానిన గాయాన్ని మళ్ళీ రేపదా అని కొందరు పెద్దలు సందేహించవచ్చు. ఆ సందేహాన్ని తేలికగా తీసిపారేయరాదు. ఇరుగుపొరుగుతో కలిసి బతకవలసినవాళ్ళం మనం. కాని, ఎవరి నేలనూ అడగకుండా, ఎవరినీ నిందించకుండా, జరిగింది జరిగినట్టు చెప్పుకోవటం తగవు కాదు. రాష్ట్రపు హద్దు 1960లోనే తేలిపోయింది. మనం అడుగుతున్నది హద్దు ఇవతల ఉన్నవారి భాషకు చోటు. రాజ్యాంగం 29వ అధికరణం తమ భాషనూ, లిపినీ కాపాడుకొనే హక్కును ఇచ్చింది. 350-ఎ అధికరణం ప్రాథమిక దశలో మాతృభాషలో బోధనకు ఏర్పాట్లు చేయాలని రాష్ట్రాలకు చెప్పింది. హక్కు ఉన్నదని తెలిసినవాడు మర్యాదగా అడగగలడు.

తమిళనాట ఉండి తమిళం చాలదా అని మరికొందరంటారు. తమిళం తప్పక నేర్వాలి, బాగా నేర్వాలి. 2006 నాటి తమిళ అభ్యసన చట్టం ఒకటవ తరగతితో మొదలై ఏటేటా పై తరగతులకు విస్తరించి 2015-16 నాటికి పదవ తరగతిని చేరింది. తమిళం నేర్పటం మీద మనకు పేచీ లేదు. దాని పక్కన తెలుగు నిలవటానికి బడిలో తగినంత చోటు మిగలకపోవటమే మన బాధ. ఫిన్లాండు దేశపు ఉదాహరణ చూడండి. అక్కడ ఒక పురపాలక ప్రాంతంలో అల్పసంఖ్యాకుల భాష మాట్లాడేవారు 8 శాతమో, లేక 3,000 మందో ఉంటే ఆ ఊరిని ద్విభాషా ప్రాంతంగా గుర్తిస్తారు. హెల్సింకిలో వీధుల పేర్లు ఫిన్నిష్, స్వీడిష్ భాషలు రెంటిలోనూ ఉంటాయి. ఆ వీధిలో నడిచే పిల్లవాడికి తన ఊరు రెండు భాషలదని ఎవరూ వ్యాసం రాసి చెప్పనక్కరలేదు. 2011 జనాభా లెక్కల ప్రకారం తమిళనాడులో తెలుగు మాతృభాషగా గలవారు 42 లక్షలకు పైగా ఉన్నారు. ఇంతమంది ఉన్నచోట వీధి బోర్డు మీద మన అక్షరం కనబడాలని కోరటం అత్యాశ కాదు. కాని కోరేవారికి ముందు ఆ అక్షరం వచ్చి ఉండాలి కదా!

పిల్లలకు తెలుగు చదవటం రాదు, ఈ నడక వారికేం ఉపయోగమన్నది మూడవ అభ్యంతరం. నిజానికి వారికోసమే ఈ నడక. చదవటం రాకపోయినా వినటం వచ్చు. తాతయ్య మాట్లాడే తెలుగు అర్థమవుతుంది. విన్నదాన్ని రాసుకోవాలన్న కోరిక పుట్టిననాడు అక్షరాలు వారాల్లో వస్తాయి. కోరిక లేని పిల్లవాడికి ఏళ్ళు గడిచినా రావు.

ఎలా చేద్దాం?

దీనికి నిధులక్కరలేదు, ప్రభుత్వ ఉత్తర్వూ అక్కరలేదు. అయిదారు కుటుంబాలు కలిస్తే చాలు. గిడుగు రామమూర్తి గారి జయంతి ఆగస్టు 29, రాధాకృష్ణన్ గారి జయంతి సెప్టెంబరు 5. ఈ రెండు తేదీల నడుమ వచ్చే ఆదివారంనాడు నడక పెట్టుకుందాం. ఒక ఏడు తిరువళ్ళూరులో, మరుసటి ఏడు తిరుత్తణిలో. ఆదివారం అమావాస్య కలిసివస్తే తిరువళ్ళూరును మరో వారానికి మార్చుకోవాలి. ఆ జనసందోహంలో కథ వినబడదు. ఉదయం ఎండ ముదరకముందే బయలుదేరాలి. ముసలివారూ, పసివారూ ఉంటారు గనుక రెండు కిలోమీటర్లు, ఆరేడు మజిలీలు చాలు.

చెప్పేవారు పండితులు కానక్కరలేదు. ఒక్కొక్క మజిలీకి ఒక్కొక్కరు బాధ్యత తీసుకొని ముందుగా చదివి, పెద్దలను అడిగి, సరిచూసుకొని రావాలి. రుజువు లేని గొప్పలు చెప్పరాదు. తమిళులది తమిళులదనీ, మనది మనదనీ, ఉమ్మడిది ఉమ్మడిదనీ చెప్పాలి. భాష మన ఇంటి తెలుగే కావాలి. పుస్తకాల తెలుగు రాదని ఎవరూ వెనకాడవద్దు. పళ్ళిపట్టు యాసలో చెప్పినా, తమిళ మాటలు కలిసినా తప్పులేదు. జీవద్భాష కోసం జీవితమంతా పోరాడిన గిడుగు వారి పేరిట జరిగే నడకలో అదే తగిన భాష.

పిల్లలకు ఒక పని అప్పగించాలి. దారిలో రాతి ఫలకాల మీద, పాత దుకాణాల మీద, సత్రాల మీద, సమాధుల మీద ఎక్కడ తెలుగు అక్షరం కనబడినా గుర్తుపెట్టుకొని నోటు పుస్తకంలో దించుకోవాలి. చేతిలో ఉన్న మొబైల్ ఫోనుతో ఆ ఫలకాన్ని ఫోటో తీయాలి. ఒక పెద్దాయన చెప్పిన సంగతిని ఆయన గొంతుతోనే రికార్డు చేయాలి. ఎక్కడా తెలుగు కనబడకపోతే ఆ సంగతి కూడా రాయాలి. ఏటేటా పోగైన ఆ నోటు పుస్తకాలే రేపు మన ఊళ్ళ తెలుగు చరిత్రకు తొలి ఆధారాలవుతాయి. పురపాలక సంఘానికి వినతిపత్రం ఇవ్వవలసి వచ్చిననాడు చేతిలో పెట్టుకొని వెళ్ళటానికి పనికివస్తాయి.

తమిళ స్నేహితులను కూడా పిలవాలి. వారికి అర్థమయ్యేలా మధ్య మధ్య తమిళంలో చెప్పటం మనకు కష్టం కాదు. రెండు భాషలూ వచ్చినవాళ్ళం మనమే. పక్కింటివారు కూడా మన కథ విని, అవును, మీరిక్కడివారేనని అన్నరోజున మన పిల్లలకు బడిలో సగం బరువు తగ్గుతుంది.

తిరువళ్ళూరు, తిరుత్తణి, పళ్ళిపట్టు, ఊత్తుకోట, గుమ్మిడిపూండి ప్రాంతాల తెలుగు కుటుంబాలకు విన్నపం: ఈ ఏటి నడకకు ఇప్పటినుంచే సిద్ధం కండి. మీ వీధిలో అందరికంటె పెద్దవారెవరో చూసి, వారి దగ్గర ఒక సాయంత్రం కూర్చొని, 1960కి ముందు ఈ వీధి ఎలా ఉండేదో అడగండి. మీ మొదటి మజిలీ అదే.